గొర్ల దొడ్లు అని రాసిన చోట

రాతికుంటపల్లి క్యాంపు,
19 జనవరి 2025, ఆదివారం.

మామయ్యా,

ఇక్కడ గుట్ట ఎక్కితేనే సెల్లు సిగ్నలు. ఎక్కి నీకు ఫోను చేసినా లాభం లేదు కదా. గొంతు ఆపరేషన్ అయినప్పటి నుంచి నువ్వు వింటావు, అత్తయ్య నీ తరఫున జవాబు చెబుతుంది, నువ్వు అనని మాటలు కూడా చెబుతుంది. అందుకే ఉత్తరం. ముప్పై ఆరేళ్లు మ్యాపులు గీసిన చేతికి నాలుగు పేజీలు రాయడం కష్టం కాదులే.

నేనూ, డ్రోను నడిపే హర్షా వచ్చి పన్నెండు రోజులైంది. పొద్దున్నే ఎండ ఏటవాలుగా పడుతున్నప్పుడు డ్రోను లేపుతాం. నడిచి చూస్తే ఇక్కడ తుమ్మచెట్లు, చెల్లాచెదురుగా రాళ్లు తప్ప ఏమీ లేవు. పైనుంచి చూస్తే రాళ్ల నీడలు సాగి, గుండ్రంగా ఒక్కో వలయం తేలుతుంది. ఇప్పటికి నలభై ఒకటి లెక్కపెట్టాం. రెండున్నర వేల ఏళ్ల నాటి సమాధులని నా నమ్మకం. మేం గడ్డపార వేయం. బండిలా తోసే రాడార్ ఒకటి తెచ్చాం. దాన్ని నేల మీద నడిపితే లోపల శవాన్ని ఉంచిన రాతి అర ఉందో లేదో చెబుతుంది. తవ్వకుండా చూడటమే మా పని.

వలయాల్లో సగానికి పైగా పోశవ్వ అనే ఆమె మెట్ట చెలకలో ఉన్నాయి. మొదటి రోజు డ్రోను చూసి, "ఎవలి పెండ్లి వీడియో తీస్తున్నవ్ బిడ్డా" అని అడిగింది. సంగతి చెప్పాను. "పైనుంచి కొలిచినోళ్లు ఎనుకనే కిందికి దిగుతరు. గిట్లనే కొలిచి మా మరిది భూమి కాలువల కలిపిన్రు" అని, నవ్వకుండా వెళ్లిపోయింది.

అసలు చిక్కు ఇది. ఈ గుట్టా, కింది చెలకలూ కంకర క్వారీకి కావాలని ఒక కంపెనీ దరఖాస్తు పెట్టింది. మార్చి 3న లక్డీకాపూల్‌లో విచారణ. ఇక్కడ పాతవి ఏమీ లేవని వాళ్ల వాదన. నువ్వు సర్వేలో ఉన్న రోజుల్లో ఈ వైపు విమానం నుంచి ఫోటోలు తీశారని విన్నాను. ఆ ప్రింట్లు ఎక్కడైనా దొరుకుతాయా? వలయాలు అప్పుడు ఇంకా చెక్కుచెదరకుండా ఉండి ఉంటాయి.

పదిహేడో నంబరు వలయం రాడార్ బొమ్మ పెద్ద ప్రింటు తీసి దీంతో పెడుతున్నాను. ఎక్కడ ఏముందో గుర్తులు వేశాను. నీ కన్నుతో చూసి చెప్పు. ఇది ఇంకెవరికీ పంపలేదు.

అత్తయ్యకు చెప్పు, ఆవిడ ఇచ్చిన కారప్పొడి హర్షే సగం తినేశాడు.

నీ
వైశాలి

*

చిరాగ్ అలీ లేన్, ఆబిడ్స్,
25 జనవరి 2025.

చి. వైశాలికి మామయ్య ఆశీస్సులు.

నీ కవరు చేరింది. పెన్షన్ కాగితమేమోనని మీ అత్తయ్య చింపింది, రాళ్ల సంగతి చూసి నా చేతిలో పెట్టింది. నేను బాగానే ఉన్నాను. రోజూ నాంపల్లి స్టేషన్ దాకా నడుస్తున్నాను. అక్కడ బుచ్చిబాబు కలుస్తాడు. నా పక్క బల్ల మీద ఇరవై ఏళ్లు మ్యాపులు గీసినవాడు. అతనికి చెవి వినిపించదు, నాకు నోరు లేదు. చాయ్ తాగినంతసేపు మాకు ఏ ఇబ్బందీ ఉండదు.

ఫోటోల సంగతి. దొరకవు. ఆఫీసు మారినప్పుడు పాత ప్రింట్లు బస్తాల్లో పోయాయి. రెండు ఫోటోలు పక్కపక్కన పెట్టి, రెండు కళ్ల అద్దంలోంచి చూస్తే గుట్టలు కాగితం మీద నుంచి లేచి నిలబడేవి. మొదటిసారి చూసినప్పుడు చెయ్యి పెట్టి తడిమాను. ఇప్పుడు మీకు డ్రోనులు వచ్చాయి, సంతోషమే.

నీ ప్రింటు బల్ల మీద పరిచి, భూతద్దంతో రెండు రోజులుగా చూస్తున్నాను. ఒక్క మాట చెబుతాను, కోపం తెచ్చుకోకు. ఆ వైపు గొర్రెలు కాచేవాళ్లు ఎక్కువ. రాళ్లు గుండ్రంగా పేర్చి దొడ్లు కట్టేవారు. పైనుంచి అవీ నీవు రాసినట్టే కనిపిస్తాయి. తొందరపడి పేరు పెట్టవద్దు.

నిన్న మధ్యాహ్నం జితేందర్ అని ఒకాయన వచ్చాడు. నలభై ఏళ్లుంటాయి, మర్యాదస్తుడు. పాత మ్యాపులు గీసినవాళ్ల గురించి పుస్తకం రాస్తున్నాడట. నేను రాసి చూపించిన ప్రతి మాటా శ్రద్ధగా చదివాడు. రిటైరై పదమూడేళ్లు, నా పని గురించి ఇంటికి వచ్చి అడిగినవాడు ఇతనొక్కడే.

ఎండలో టోపీ పెట్టుకో.

ఇట్లు,
వామన్‌రావు

*

రాతికుంటపల్లి,
2 ఫిబ్రవరి 2025.

మామయ్యా,

ఈ ఉత్తరం మూడుసార్లు మొదలుపెట్టి చింపేశాను.

విచారణకు కంపెనీ వేసిన కాగితాల నకలు మొన్న చేతికి వచ్చింది. అందులో 1979 నాటి క్షేత్ర పరిశీలన ఫారం ఉంది. గ్రామం: రాతికుంటపల్లి. నేల: రాతి నేల, గొర్ల దొడ్లు. పురాతన చిహ్నాలు: లేవు. కింద సంతకం, కె. వామన్‌రావు. నాకు అక్షరాలు దిద్దించిన చేతి రాతను నేను గుర్తుపట్టలేనా?

దాని వెనక ఇంకో కాగితం. "పై ఫారం నేను నింపినదే, అందులోని వివరాలు సరైనవి" అని మళ్లీ నీ సంతకం. తారీఖు జనవరి 24. నాకు ఉత్తరం రాయడానికి సరిగ్గా ఒక రోజు ముందు. జితేందర్ పుస్తకాలు రాసే మనిషి కాదు. ఆ కంపెనీ మనిషి. నిన్న ఇక్కడికి వచ్చాడు. "మీ మామ సారే కదా మేడం ఏం లేదని రాసింది. ఇంట్ల ఇంట్ల తేల్చుకోరాదు" అని హర్ష ముందే అన్నాడు.

నువ్వు ఈ ఊరికి వచ్చావు. ఈ రాళ్ల మధ్య నడిచావు. నా ఉత్తరంలో ఊరి పేరు చదివావు. అయినా ఒక్క ముక్క రాయలేదు. పైగా తొందరపడవద్దని నాకే నీతి చెప్పావు. ఎందుకు మామయ్యా? నాకు జవాబు కావాలి.

రాడార్ తొమ్మిది వలయాల కింద రాతి అరలు చూపించింది. దొడ్ల కింద అరలుంటాయా? ఊళ్లో గాలి కూడా మారింది. మేం వలయాలకు నంబర్లు వేసి పాతిన గుర్తు కర్రలు చూసి లంకెబిందెలని పుకారు లేచింది. నిన్న దాకా మజ్జిగ ఇచ్చినవాళ్లు ఇవాళ తలుపు వేసుకున్నారు.

వైశాలి

*

ఆబిడ్స్,
7 ఫిబ్రవరి 2025.

వైశాలికి,

నీ ఉత్తరం చదివాను. జవాబు కావాలన్నావు, రాస్తున్నాను.

నీవు నన్ను అడిగింది ఫోటోల గురించి. నా సంతకం గురించి కాదు. ఊరి పేరు చూడగానే గుర్తుపట్టిన మాట నిజం. 1979 మార్చిలో మూడు రోజులు అక్కడ తిరిగాను. రాళ్ల వలయాలు చూశాను. దొడ్లు అనిపించాయి, దొడ్లు అని రాశాను. ఆ రోజు ఏది కనిపిస్తే అదే రాయాలి, నలభై ఆరేళ్ల తర్వాత నా మేనకోడలు ఏమంటుందో ఊహించి కాదు. పది మీటర్ల వలయం నా షీటు మీద పెన్ను మొన అంత కూడా రాదు. అలాంటి వాటిని వేలల్లో తేల్చుకుంటూ రెండు వందల పన్నెండు షీట్లు గీశాను. ఒక్క షీటూ వెనక్కి రాలేదు.

జితేందర్ అబద్ధం చెప్పి వచ్చాడని నాకెలా తెలుస్తుంది? ఫారం చూపించి "ఇది మీ రాతేనా సార్" అన్నాడు. అవునని రాశాను. "సరిగ్గానే నింపిన్రు కదా" అన్నాడు. నా పని సరైనదని నేను సంతకం పెట్టకపోతే ఇంకెవరు పెడతారు? వెంటనే ఎదురు ప్రశ్న వేయడానికి నాకు గొంతు లేదు. నేను రాసేలోపల ఎదుటివాడు ఇంకో మాటలోకి పోతాడు. అది నీకు తెలియదు.

తేల్చుకోవాలంటే దొడ్ల కింద అరలు ఉన్నాయో లేదో ఆ యంత్రాన్నే అడుగు. నన్ను ముద్దాయిని చేయకు.

మీ అత్తయ్య రెండు రోజులుగా నాతో సరిగా మాట్లాడటం లేదు. ఆవిడకు ఏమి రాశావో నాకు తెలియదు.

వామన్‌రావు

*

రాతికుంటపల్లి,
14 ఫిబ్రవరి 2025.

వామన్‌రావు గారికి,

అత్తయ్యకు నేను ఏమీ రాయలేదు. ఆవిడ మీ ఉత్తరాలు చదివి ఉంటుంది.

మంగళవారం మేం కరెంటు కోసం మండలానికి వెళ్లి బ్యాటరీలు చార్జి చేసుకుని వచ్చేసరికి పదిహేడో వలయం లేదు. పట్టపగలు జేసీబీ తెచ్చి తవ్వేశారు. పక్క రాళ్లన్నీ దొర్లించి, మధ్యలో మనిషి లోతు గొయ్యి. అర పైకప్పు బండ రెండు ముక్కలైంది. లోపల ఎముకలు, నల్లటి కుండలు నుగ్గునుగ్గు. రెండున్నర వేల ఏళ్లు ఎవరూ ముట్టుకోనిది గంటలో పోయింది.

ఊరికే తవ్వలేదు. నలభై వలయాలు వదిలేసి నేరుగా దాని మీదికే వచ్చారు. అర ఎక్కడ మొదలవుతుందో సరిగ్గా అక్కడే పళ్లు దించారు. పోశవ్వ భర్త వెంకటనర్సయ్య అడ్డం పోతే గొయ్యిలోకి తోసేశారు. తొడ ఎముక విరిగింది. ఆయన్ని అఫ్జల్‌గంజ్ పెద్ద దవాఖానకు తీసుకెళ్లారు. తోసినవాళ్ల చేతిలో ఒక ఫోను ఉందట, అందులో బొమ్మ చూసుకుంటూ తవ్వించారట. "నువ్వు నేల మీద తోసే బండి కాడ చూసిన గీతలే గవి" అని పోశవ్వ నాతో అంది.

ఆ బొమ్మ ప్రింటు నేను మీకు తప్ప ఎవరికీ పంపలేదు.

పోలీసులు వచ్చి రాసుకుని పోయారు. ఊరివాళ్లు నన్ను వెళ్లిపొమ్మంటున్నారు. తవ్వనని చెప్పి వచ్చినదాన్ని. ఎక్కడ తవ్వాలో నేనే చూపించినట్టయింది. ఇంతకన్నా రాయలేను.

వైశాలి

*

ఆబిడ్స్,
19 ఫిబ్రవరి 2025.

అమ్మా వైశాలీ,

'గారు' అని రాశావు. నీ ఉత్తరం మీద కోపం రాలేదు, నా మీదే వచ్చింది.

మొదట తప్పు ఒప్పుకోనీ. జితేందర్ వచ్చిన రోజు నీ ప్రింటు బల్ల మీద భూతద్దం కింద పరిచే ఉంది. మీ అత్తయ్య గుడికి వెళ్లింది. నేను మంచినీళ్లు తేవడానికి లోపలికి వెళ్లాను. గ్లాసు పట్టుకుని వచ్చేసరికి అతను ఫోను జేబులో పెట్టుకుంటున్నాడు. అప్పుడు ఏమీ అనుకోలేదు. ఇప్పుడు అనుకుంటే ఋజువు లేదు. కానీ నాకు తెలుసు. బొమ్మ నా ఇంటి నుంచే పోయింది.

నిన్న మీ అత్తయ్యా, నేనూ దవాఖానకు వెళ్లాం. వార్డులో వెంకటనర్సయ్య కాలికి బరువు కట్టి పడుకోబెట్టారు. పక్కన ఆయన కూతురు భాగ్య ఉంది. ఆబిడ్స్‌లోనే చీరల దుకాణంలో పని చేస్తుంది, చాదర్‌ఘాట్‌లో కిరాయికి ఉంటుందట. ఆయనకు చదువు రాదు, నాకు మాట రాదు. నేను చిన్న పుస్తకంలో రాస్తే ఆ పిల్ల చదివి వినిపించింది.

"ఆ రాళ్లను గొర్ల దొడ్లు అని సర్కారు కాగితంలో రాసినవాణ్ణి నేనే" అని రాశాను. భాగ్య చదవడానికి తటపటాయించింది. చదువు అని చెయ్యి ఊపాను.

ఆయన నన్ను ఎగాదిగా చూశాడు. కోప్పడలేదు. "మాది గొర్లు గాసిన ఇల్లే సారూ. మా తాత నాటి సంది గా రాళ్ల నడుమకు గొర్రెను తోలలె. తప్పిపోయి జొరబడితే అదిలిచ్చి ఎల్లగొడుతుంటిమి. గాడ పండుకున్నోళ్లు ఉన్నరు, వాళ్ల మీద తొక్కొద్దు అంటుండె మా నాయిన. మీరొచ్చిన జీపు నాకు యాదికున్నది. జర ఆగి ఒక్క మాట అడిగితే చెప్తుంటిమి" అన్నాడు.

అడగలేదు అని రాశాను. భాగ్య చదివింది. "ఔ, అడగలె" అన్నాడాయన.

ఇంటికొచ్చి అటక మీది ట్రంకు దింపించాను. 1979 నోటు పుస్తకం ఉంది. రాతికుంటపల్లి పేజీలో పెన్సిలుతో "గొర్ల దొడ్లు?" అని రాసుకున్నాను. చివర ప్రశ్న గుర్తు ఉంది. హైదరాబాదు వచ్చి ఫారం నింపినప్పుడు అది దిగలేదు. ఫారంలో 'ఉన్నాయి', 'లేవు' అని రెండే గడులు. తెలియదు అనేదానికి గడి లేదు. నేనూ ఆ గడి గీయలేదు.

మూడో తారీఖున విచారణకు నేను వస్తాను. నోటు పుస్తకం పట్టుకుని వస్తాను. జితేందర్ తీసుకున్న సంతకాన్ని వెనక్కి తీసుకుంటాను.

వద్దనకు.

మామయ్య

*

రాతికుంటపల్లి,
24 ఫిబ్రవరి 2025.

మామయ్యా,

నీ ఉత్తరం శనివారం సాయంత్రం అందింది. రెండు రోజులు ముందు అంది ఉంటే బాగుండేది.

ఇరవయ్యో తారీఖునే విచారణకు నా రిపోర్టు పంపేశాను. అందులో నీ పేరు రాశాను. "సదరు ఉద్యోగి పరిశీలన నిర్లక్ష్యంగా సాగింది, ఆ ఫారానికి విలువ లేదు" అని. కోపంలో రాసిన వాక్యం. ఇప్పుడు అది విచారణ ఫైల్లో ఉంది, తీయడం కుదరదట. వాళ్ల వకీలు చదివే ఉంటాడు. అందుకే నువ్వు రావద్దు. వస్తే నిన్ను లేపి నిలబెడతాడు. నువ్వు రాసేలోపల నాలుగు మాటలు విసురుతాడు. ఆ నోటు పుస్తకం నకలు హర్షకిచ్చి పంపు, చాలు.

నేను రావడం లేదు. మూడో తారీఖున ఊళ్లో మగవాళ్లు చాలామంది విచారణకు బయల్దేరుతున్నారు. ఆ రోజే మళ్లీ జేసీబీ వస్తుందని పోశవ్వకు ఎవరో చెప్పారు. వలయాలే లేకపోతే విచారణ దేని మీద జరుగుతుంది? అందుకని హర్ష రిపోర్టు చదువుతాడు, నేనిక్కడ ఉంటాను.

మొన్న పోశవ్వ క్యాంపుకు వచ్చింది. "నీ కర్రలన్నీ పీకెయ్యి" అంది. నలభై కర్రలూ ఊరి ముందు నా చేతులతోనే పీకాను. ఏ వలయం ఎక్కడుందో ఇప్పుడు నా కంప్యూటర్‌లో తప్ప బయట గుర్తు లేదు. అప్పుడు నా పక్కన గట్టు మీద కూర్చుంది. "నా పెనిమిటి కాలు ఇరిగింది నీ బొమ్మతోని. గది నేను మర్సిపోను. అయినా క్వారీ వస్తె నా చెలక పోతది, గా పండుకున్నోళ్లూ పోతరు. మట్టి ముట్టకుంట ఉంటనంటె ఉండు" అంది.

ఉంటానన్నాను. భయంగానే ఉంది మామయ్యా.

నిన్ను 'గారు' అన్నందుకు ఏం రాయాలో తెలియడం లేదు.

వైశాలి

*

నాంపల్లి స్టేషన్, సాయంత్రం,
3 మార్చి 2025.

అమ్మా వైశాలీ,

ఇంటికి వెళ్లేదాకా ఆగలేక ఇక్కడే బల్ల మీద కూర్చుని రాస్తున్నాను. నీవు వద్దన్నావు. నేను వెళ్లాను. అక్కడ మీ సంగతి ఏమైందో తెలియక హర్ష నీకు పదిసార్లు ఫోను చేశాడు, కలవలేదు. నా ప్రాణం అక్కడే ఉంది.

హాలు కిక్కిరిసింది. భాగ్య దుకాణంలో సెలవు పెట్టి వచ్చింది. హర్ష ఫోటోలు చూపించాడు, బాగా చెప్పాడు. తరువాత వాళ్ల వకీలు లేచి ఫారం పైకెత్తాడు. నీ వాక్యం చదివాడు. "సొంత మేనమామనే నిర్లక్ష్యం అంటున్నరు. ఆయన మాత్రం అంతా సరైనదే అని జనవరిలో సంతకం చేసి ఇచ్చిన్రు. ఎవరి మాట నమ్మాలె?" అన్నాడు.

నేను లేచి నిలబడ్డాను. విచారణ జరిపే అధికారి, ఒకావిడ, నన్ను ఎవరని అడిగింది. నా చిన్న పుస్తకం చూపించి, అందులో నేను రాసింది భాగ్య చదువుతుందని సైగ చేశాను. వకీలు ఒప్పుకోలేదు. "నోటితోని చెప్పాలె. ఆ అమ్మాయి ఏం చదువుతదో మనకేం ఎరుక" అన్నాడు. అధికారి తన పక్కన కుర్చీ వేయించింది. నన్ను అక్కడ కూర్చోమని, నేను రాసిన ప్రతి కాగితం తనే తీసుకుని గట్టిగా చదివింది. 1979 నోటు పుస్తకం ఆవిడ ముందు తెరిచి పెట్టి, జనవరి సంతకం వెనక్కి తీసుకుంటున్నానని మొదట రాశాను. నేను రాస్తున్నంతసేపు హాలంతా ఆగింది. ఆపరేషన్ అయినప్పటి నుంచి నా మాట కోసం అంతమంది ఆగటం ఇదే మొదలు.

వకీలు అడిగాడు: "అప్పుడు తప్పు చేసిన్రా, ఇప్పుడు అబద్ధం చెప్తున్నరా?"

అప్పుడు తప్పు చేశాను, అని రాశాను.

"అట్లయితే మీరు గీసిన రెండు వందల షీట్లల్ల ఎన్ని తప్పులున్నయి?"

తల తిప్పి చూశాను. వెనక వరుసలో బుచ్చిబాబు ఉన్నాడు, ఇంకా మా ఆఫీసు వాళ్లు ఇద్దరు. వాళ్లూ నాతోపాటు గీసినవాళ్లే. "నాకు తెలియదు. మళ్లీ చూడాలి" అని రాశాను. అధికారి చదివింది. బుచ్చిబాబు లేచి వెళ్లిపోయాడు. అతనికి ఆ మాట ఎలా వినబడిందో తెలియదు. పక్కవాళ్లు చెప్పి ఉంటారు.

మేనకోడలు రాసిన వాక్యంతో ఏకీభవిస్తారా అని అధికారి అడిగింది. అవును అని రాసి సంతకం పెట్టాను.

రెండున్నరకు ఆర్డరు చెప్పారు. ఆరు నెలలు లీజు ఆపారు. పురావస్తు శాఖ వాళ్లు, సర్వే వాళ్లు ఉన్న కమిటీ ఒకటి తవ్వకుండా ఆ నేలంతా పరిశీలించాలి. అప్పటిదాకా యంత్రం దిగకూడదు. గెలిచామని కాదు. ఆగింది, అంతే. జితేందర్ ఫోను సంగతి కూడా రాసిచ్చాను. ఋజువు లేదని వకీలు నవ్వాడు. అధికారి కాగితం ఫైల్లో పెట్టించింది.

ఇవాళ బుచ్చిబాబు చాయ్‌కి రాలేదు. కొట్టువాడు అలవాటుగా రెండు కప్పులు పెట్టి, ఒకటి వెనక్కి తీసుకుపోయాడు.

నీవు క్షేమమని ఒక్క ముక్క రాయి. అత్తయ్య తలుపు దగ్గరే కూర్చుని ఉంటుంది.

మామయ్య

*

రాతికుంటపల్లి,
7 మార్చి 2025.

మామయ్యా,

క్షేమం. ముందు అది చదువు.

ఆ రోజు పదకొండింటికి జేసీబీ వచ్చింది. వెనక బండిలో జితేందర్. ఊళ్లో ఆడవాళ్లు, ముసలివాళ్లు తప్ప ఎవరూ లేరు. పోశవ్వ ఇరవై రెండో వలయం ముందు చెలక గట్టు మీద కూర్చుంది. నేను ఆమె పక్కన కూర్చున్నాను. ఇంకో ఏడుగురు వచ్చి కూర్చున్నారు. డ్రైవరు యంత్రం తెచ్చి మాకు పది అడుగుల దూరంలో ఆపాడు. తొట్టి పైకి లేపి అలాగే ఉంచాడు. మట్టి పెళ్లలు మా ముందు రాలాయి.

"జరుగుమను" అని జితేందర్ అరిచాడు. "జరగం" అంది పోశవ్వ. "నా భూమిల నేను కూసున్న. నువ్వెవలు?"

డ్రైవరు దిగలేదు, ముందుకూ రాలేదు. దాదాపు నాలుగు గంటలు అలాగే కూర్చున్నాం. ఎండకు ఒకామె పడిపోయింది. నీళ్లు చల్లితే లేచి మళ్లీ కూర్చుంది. మామయ్య వెళ్లి ఉంటాడా, వెళ్లొద్దని రాశాను కదా, వెళ్తేనే బాగుండు, ఇదే తిరుగుతూ ఉంది మనసులో. రెండూ ముప్పావుకు జితేందర్ గుట్ట ఎక్కి ఫోను మాట్లాడి దిగాడు. నేరుగా బండి ఎక్కాడు. డ్రైవరు తొట్టి దించి, పోశవ్వకు దండం పెట్టి వెళ్లాడు. ఏం జరిగిందో సాయంత్రం హర్ష వచ్చాకే తెలిసింది.

నువ్వు ఏం రాశావో ప్రతి మాటా హర్ష చెప్పాడు. నా వాక్యానికి అవును అని సంతకం పెట్టావట. అది పూర్తిగా నిజం కాదు మామయ్యా. నిర్లక్ష్యం అయితే ప్రశ్న గుర్తు వేసుకోవు. ఈ సంగతి కమిటీకి వేరే రాసి పంపాను.

పదిహేడో వలయం దగ్గరికి నేను రోజూ వెళ్తున్నాను. బయటపడ్డ ఎముకలను మట్టితో కప్పమని కమిటీ చెప్పింది. ఊరివాళ్లే కప్పారు. పోశవ్వ పసుపు నీళ్లు చల్లింది. అది నీ వల్ల పోయింది, నా వల్ల కూడా. ఆ మాట ఇద్దరం మోయాలి.

వెంకటనర్సయ్య కాలి కట్టుతోనే ఇంటికొచ్చాడు. "గా మాట లేని సారును తోల్కరా. ఈసారి నేను సూపిస్త" అంటున్నాడు. అఫ్జల్‌గంజ్ బస్టాండులో ఆరూ పదికి బస్సుంది. వస్తావా?

నీ
వైశాలి

*

ఆబిడ్స్,
11 మార్చి 2025.

అమ్మా వైశాలీ,

శనివారం వస్తున్నాను. అత్తయ్య కూడా వస్తానంటోంది. కారప్పొడి రెండు డబ్బాలు కట్టింది.

రాకముందే ఒక సంగతి నీకు తెలియాలి. వచ్చాక చెబుదామంటే వెంకటనర్సయ్య ముందు చెయ్యి ఆడదేమో. విచారణలో ఎవరూ అడగలేదు, నేనూ చెప్పలేదు.

1979లో మూడో రోజు మధ్యాహ్నం, ఎండకు తాళలేక ఒక వలయంలోకి వెళ్లి కూర్చున్నాను. రాతి నీడ చల్లగా ఉంది. క్యాంపు వంటవాడు కట్టిచ్చిన పెరుగన్నం అక్కడే తిన్నాను. చెయ్యి తుడుచుకుందామని కింద చూస్తే నేలంతా గడ్డి. మోకాలెత్తు పెరిగి ఎండి ఉంది. ఒక్క గొర్రె పెంటిక లేదు. గొర్రె కొరికిన పరక లేదు. ఎన్నో ఏళ్లుగా అక్కడ గొర్రె అడుగుపెట్టలేదని తెలియడానికి యంత్రం అక్కర్లేదు, కళ్లు చాలు. నేను చూశాను. నాకు తెలిసింది. కింద జీపు హారను కొడుతున్నారు. సాయంత్రంలోగా నల్లగొండ చేరాలి. లేచి, చొక్కా దులుపుకుని దిగాను.

శనివారం వెంకటనర్సయ్యకు ఇది రాసి ఇస్తాను. భాగ్య ఉండదు, నీవే చదవాలి. మెల్లగా చదువు, ఏదీ తగ్గించవద్దు.

మామయ్య